గోడవతలి కుళాయి

అత్త కొట్టినందుకు కాదు, తోడికోడలు నవ్వినందుకు ఏడ్చిందని ఒక సామెత ఉంది. ఆ సామెత పుట్టించినావిడ ఎవరో గానీ, కచ్చితంగా మా ఇంట్లాంటి ఇంట్లోనే కాపురం చేసి ఉంటుంది. మా అత్త నన్ను ఏనాడూ కొట్టలేదు. పోయేదాకా పల్లెత్తు మాట అనలేదు. నవ్వింది మా తోడికోడలే. అదీ ఎగతాళిగా నవ్వితే ఓ తిట్టు తిట్టి ఊరుకునేదాన్ని. తియ్యగా నవ్వేది.

ఇల్లు మామగారిది. ఆయన పోయాక అన్నదమ్ములిద్దరూ మధ్యలో గోడ కట్టుకున్నారు. వీధివైపు వాటా మాకు వచ్చింది, పెరటివైపు వాటా మరిదివాళ్ళకు వెళ్ళింది. వంటగది, స్నానాల గది, ఇంటికంతటికీ ఉన్న ఒక్క కుళాయి పెరటివైపే ఉన్నాయి. మాకు వరండా ఉంది, నా కుట్టుమిషనుకు వెలుతురు బాగా వస్తుందని మా ఆయన సంబరంగా ఒప్పేసుకున్నాడు. బస్సు నడిపే మనిషికి ముందు అద్దంలోంచి కనబడేదే లోకం. వెలుతురు వచ్చిన మాట నిజమే. వరండా మూల ఒక పొయ్యి పెట్టుకుని, ఆ వెలుతుర్లోనే వండుకున్నాం. వండడానికి నీళ్ళెక్కడివని అడగడం మాత్రం ఆయన మరిచిపోయాడు.

ఆరేళ్ళు నేను ఇంటి పక్క సందులోంచి రెండు బిందెలు పట్టుకుని వాళ్ళ పెరటి గుమ్మం ముందు నిలబడ్డాను. నీళ్ళు వచ్చేది పొద్దున ఆరు నుంచి ఏడు దాకా, ఆ ఒక్క గంటే.

"ఎప్పుడైనా వచ్చి పట్టుకో అక్కా, మనలో మనకేంటి?" అనేది మా తోడికోడలు.

అనడం మాత్రం ఇలా అనేది. ముందు తన డ్రమ్ము నిండాలి. తరవాత కుండీల్లో మొక్కలు తడవాలి. ఆపైన మెట్లు కడగాలి. ఆ మెట్లు నిన్న కూడా కడిగినవే, వాటి మీద ఈగ కూడా వాలి ఉండదు. అప్పుడు, ఏడుకు పది నిమిషాలుందనగా, "అయ్యో, చూసుకోలేదు, నిలబడే ఉన్నావా అక్కా!" అంటూ పైపు నా బిందెలో పెట్టేది. అప్పటికి ధార దారప్పోగులా సన్నబడిపోయేది.

ఇంత చేసి, వీధిలో ఆమెకు పేరేమిటో తెలుసా? చల్లనితల్లి. "తోడికోడలికి ఆరేళ్ళుగా నీళ్ళు పోస్తోందమ్మా, ఈ రోజుల్లో ఎవరు చేస్తారు?" అని కూరలబండి దగ్గర కూడా చెప్పుకునేవాళ్ళు. నన్ను మిషనక్క అంటారు. మోసేది నేను, చల్లన ఆమెది.

నాకు అసూయ అనేవాడు మా ఆయన. అవును, అసూయే. దాచుకోవడానికి నేనేమైనా దొంగతనం చేశానా? ఆ కుళాయిని ఆమె వారానికోసారి బూడిద పెట్టి తోమేది. బంగారంలా తళతళలాడేది. రాత్రి కళ్ళు మూసుకుంటే నాకు అదే కనిపించేది. వాళ్ళింట్లో కొత్త మంచం వచ్చినా, మరిదికి జీతం పెరిగినా నాకేమీ అనిపించలేదు. నా కళ్ళలో నిప్పులు పోసింది ఆ ఇత్తడి కుళాయి ఒక్కటే.

ఇంకొకటి కూడా చెప్పేస్తాను. ఆమె బట్టలన్నీ నేనే కుట్టేదాన్ని. ప్రతిదానికీ చంక దగ్గర అర అంగుళం బిగుతుగా కుట్టేదాన్ని. కొలతలు నాకు నోటికొచ్చు, పొరపాటు కాదు. చెయ్యి పైకెత్తినప్పుడల్లా పట్టేస్తుంది, అంతే. ఆమె ఒక్కసారి కూడా ఫిర్యాదు చెయ్యలేదు. "ఎంత బాగా కుట్టావక్కా" అని వేసుకుని తిరిగేది. అందుకూ నాకు కోపమే.

ఇలా ఉండగా నీళ్ళ బోర్డువాళ్ళు వీధి చివర ఒక నోటీసు అంటించారు. కుళాయి లేని ప్రతి కుటుంబం దరఖాస్తు పెట్టుకోవచ్చని, విడిగా కాపురం ఉంటే విడిగా కనెక్షన్ ఇస్తారని రాసి ఉంది. ఆ సంబరంలో ఆ రోజు ఒక చొక్కాకు కాలరు తలకిందులుగా కుట్టాను. మర్నాడే దరఖాస్తు ఇచ్చాను.

పది రోజులకు ఇన్‌స్పెక్టరు వచ్చాడు. చేతిలో ఫైలు, చెవి వెనక పెన్సిలు. సరిగ్గా నేను రెండు బిందెలూ మోసుకొచ్చి గడప పక్కన దించే సమయానికి వచ్చాడు. నా వెనకే సందులోంచి మా తోడికోడలు కూడా చేతులు తుడుచుకుంటూ వచ్చి నిలబడింది.

"నీళ్ళకి ఇబ్బందిగా ఉందామ్మా?" అని అడిగాడాయన.

ఎంత చిన్న ప్రశ్న! అవును సార్, నానా చావూ చస్తున్నాం అంటే సరిపోయేది. దాని కోసమే కదా ఆయన్ని పిలిపించుకున్నాను. కానీ ఆమె నా భుజం పక్కనే నిలబడి ఉంది. ఆ తియ్యటి మొహం ముందు, నాకు నీళ్ళు లేవు, అడుక్కుంటున్నాను అని నా నోటితో చెప్పుకోవాలా? నా నాలుక నా మాట వినలేదు.

"మాకేం లోటు సార్? ఏదో, సొంతానికి ఒకటుంటే బాగుంటుందని," అన్నాను.

"మా అక్కకి నేనెప్పుడైనా కాదన్నానా సార్?" అని ఆమె అందుకుంది. "పొద్దున్నే ముందు అక్క బిందెలు నిండాకే నా డ్రమ్ము."

పచ్చి అబద్ధం. నిలువునా అబద్ధం. కానీ ఇప్పుడే లోటు లేదన్నదాన్ని, ఏ మొహంతో కాదనను? కక్కలేక మింగలేక నిలబడ్డాను. ఇన్‌స్పెక్టరు నిండు బిందెల వంక చూశాడు, చెవి వెనక పెన్సిలు తీసి రెండు ముక్కలు రాసుకున్నాడు, వెళ్ళిపోయాడు.

మూడు వారాలకు ఉత్తరం వచ్చింది. "సదరు ఆవరణలో కనెక్షన్ ఇదివరకే ఉన్నందునను, దరఖాస్తుదారు దానినుండి ఎట్టి లోటు లేక నీరు పొందుచున్నట్లు స్వయముగా తెలిపినందునను, దరఖాస్తు తిరస్కరించడమైనది." స్వయముగా అన్న మాట కింద గీత కూడా గీశారు. మా ఆయన దాన్ని రెండుసార్లు చదివి, "స్వయముగానా?" అని నా వంక చూశాడు. ఆ పూట ఇంట్లో వంట లేదు.

నీళ్ళ బోర్డు ఆఫీసుకు వెళ్ళాను. కిటికీ వెనక కూర్చున్న గుమస్తా, "ఒక ఇల్లు, ఒక కుళాయి," అన్నాడు తలెత్తకుండా.

"మధ్యలో గోడ ఉంది బాబూ. రెండు కాపురాలు. రెండు పొయ్యిలు."

"పొయ్యిలు మా శాఖ కాదమ్మా."

పై అధికారికి అప్పీలు పెట్టాను. అదే ఉత్తరం, అవే మాటలు, గీతతో సహా మళ్ళీ వచ్చింది. తేదీ ఒక్కటే మారింది.

అప్పుడు మా ఆయన బస్సులో రోజూ ఎక్కే ఒక లాయరమ్మ సంగతి చెప్పాడు. సైకిళ్ళ షాపు మీద మేడగదిలో ఆవిడ ఆఫీసు. గదిలో సగం ఫైళ్ళు, సగం కుర్చీలు. కాగితాలన్నీ చూసి, కళ్ళజోడు తీసి అడిగింది.

"లోటు లేదని మీరే చెప్పారా?"

"చెప్పాను."

"ఎందుకు చెప్పారు?"

"ఆవిడ పక్కనే ఉందండీ."

లాయరమ్మ పెన్ను కింద పెట్టి కాసేపు నవ్వింది. "నాకూ ఒక ఆడపడుచు ఉంది. మీ బాధ నాకు అర్థమైంది గానీ, ఈ కారణం పిటిషన్‌లో రాయలేం," అంది. ఆ తరవాత మెల్లగా విడమరిచి చెప్పింది. బోర్డువాళ్ళ వాదనంతా ఒక్క మాట మీద నిలబడి ఉంది, నాకు నీళ్ళు అందుతున్నాయని. అందడం వేరు, హక్కుగా ఉండడం వేరు. ఆ నీళ్ళు ఇంకొకరి ఇష్టం మీద వస్తున్నాయని, ఆ ఇష్టం పోతే ఆగిపోతాయని కోర్టుకు చూపించాలి. అలా చూపిస్తే కుళాయి వస్తుంది. చూపించలేకపోతే బతికినన్నాళ్ళు ఆ సందులో నిలబడాల్సిందే. బోర్డు మళ్ళీ దరఖాస్తు తీసుకోదు.

కేసు వేసిన రోజు నుంచి నేను ఆమె గుమ్మం తొక్కలేదు. బస్‌స్టాపు పక్కన ఉన్న వీధి కుళాయికి వెళ్ళడం మొదలుపెట్టాను. మూడు వీధులు దాటాలి, అక్కడ నా ముందు ఎప్పుడూ పాతికమందికి తక్కువ ఉండరు. తెల్లారకముందే లేచి వెళ్తే ఎండెక్కాక వచ్చేదాన్ని. భుజం వాచిపోయింది. కుట్టు పని వెనకబడింది. ఒక పిల్లకు పుట్టినరోజు ఫ్రాకు పుట్టినరోజు వెళ్ళాక ఇచ్చాను. అయినా లోపల ఏదో తృప్తి. ఆమె మెట్లు కడుగుతుంటే చూడడానికి ఎదురుగా ఎవరూ లేరు కదా.

ఆమె ఊరుకుంటుందా? రెండో రోజు వీధి కుళాయి నుంచి తిరిగొచ్చేసరికి గడప మీద నిండు బిందె, దాని మీద శుభ్రంగా తోమిన మూత. మూడో రోజూ అంతే. నాలుగో రోజూ అంతే. నేను ఆ నీళ్ళు చుక్క కూడా ముట్టలేదు. తీసుకెళ్ళి కాలవలో పోసి, ఖాళీ బిందె సందులో పెట్టేదాన్ని. పోస్తుండగా వీధిలో వాళ్ళు చూశారు. "పాపం ఆ చల్లనితల్లి పంపిస్తుంటే, ఈవిడ కాలవపాలు చేస్తోంది," అన్నారు. పుండు మీద కారం అంటే అదే.

మొదటి వాయిదాలో బోర్డు తరఫు లాయరు ఒక ఫొటో తీసి జడ్జిగారికి ఇచ్చాడు. మా గడప, దాని మీద నిండు బిందె, మూత మెరుస్తోంది. "కేసు నడుస్తుండగా కూడా ఈమెకు నీరు ఇంటి ముంగిటికే చేరుతోంది. మోసుకునే శ్రమ కూడా లేదు," అన్నాడు. కోర్టులో ఎవరో నవ్వారు. జడ్జిగారు ఆ ఫొటోను చాలాసేపు చూశారు.

బయటికొచ్చాక లాయరమ్మ, "ఇక వేరే దారి లేదు. మీ తోడికోడలే వచ్చి చెప్పాలి," అంది.

"ఏం చెప్పాలి?"

"ఇవ్వడం తన ఇష్టమని. ఇవ్వకుండా కూడా ఉండగలనని."

నేను వెళ్ళి ఆమెను అడగాలి! బిందె పట్టుకుని నిలబడడమే నయమనిపించింది. కానీ దారి పొడుగునా ఆలోచిస్తే ఇంకో సంగతి తట్టింది. చల్లనితల్లి బోనెక్కి, నలుగురిలో, నేను నీళ్ళు ఇవ్వను అని తన నోటితో చెప్పాలి. వీధి వీధంతా వినాలి. ఆ ఊహకే నాకు ఆకలి వేసింది. ఇంటికెళ్ళి కడుపునిండా తిని, సాయంత్రం సందులోంచి వాళ్ళ గుమ్మం దగ్గరికి వెళ్ళాను.

ఆమె కుళాయి తోముతోంది. నేను చెప్పిందంతా విని, చేతిలో బూడిద చేతిలోనే ఉండగా లేచి నిలబడింది.

"ఆరేళ్ళు ఇచ్చి, ఇవ్వనని చెప్పమంటావా అక్కా? నలుగురూ ఏమనుకుంటారు?"

"ఏమనుకుంటారు? రోజుకి రెండు బిందెలు పోసి సంపాదించిన పేరేగా. పోతే పోతుంది," అన్నాను.

"నేను పేరు కోసం పోశానా?"

"మరి నా కోసం పోశావా? మెట్లు మూడుసార్లు కడిగింది నా కోసమేనా? ముందు అక్క బిందెలు నిండాకే నా డ్రమ్ము అని ఇన్‌స్పెక్టరుతో చెప్పావే, అది కూడా నా కోసమేనా? ఆ ఒక్క మాటతో నా గొంతు కోశావు."

"నువ్వు లోటు లేదంటే నేను ఉందని చెప్పనా?" అని ఆమె కూడా గొంతు పెంచింది. "నీ నోటితో నువ్వు పోగొట్టుకుని, నా మీద పడతావేంటి?"

అది నిజమే కాబట్టి నాకు ఇంకా కోపం వచ్చింది. ఏవేవో అన్నాను. అవన్నీ ఇక్కడ రాయను, రాస్తే నాకే మర్యాద కాదు. ఆమె ఏడవలేదు. చేతులు కడుక్కుని, కుళాయి గట్టిగా బిగించి, "కోర్టులో అడిగితే నిజం చెప్తాను. నువ్వు చెప్పమన్న అబద్ధం మాత్రం చెప్పను," అంది.

ఇంకేముంది? ఆమె నిజమంటే ఆరేళ్ళుగా పోశానన్న నిజమే కదా. కేసు కొండెక్కింది అనుకున్నాను. అడుసు తొక్కనేల, కాలు కడగనేల అని మా ఆయన గొణిగాడు. కడగడానికి మాత్రం నీళ్ళెక్కడున్నాయి?

వాయిదా రోజు ఆమె ఆకుపచ్చ గౌను వేసుకుని వచ్చింది. పొడుగు చేతులది, నేను కుట్టిందే. అంతమందిలోనూ మనిషి మెరిసిపోతోంది. నేను మాపు చీర కట్టుకుని, వాచిన భుజంతో బల్ల చివర కూర్చున్నాను. వీధిలోంచి పదిమంది దాకా వచ్చారు. నా కేసుకని కాదు, ఆమె మాట్లాడుతుందని.

ప్రమాణం చెయ్యడానికి కుడిచెయ్యి ఎత్తమన్నారు. సగం దాకా ఎత్తింది. చంక దగ్గర బట్ట పట్టేసింది. "ఇంకొంచెం పైకమ్మా," అన్నాడు కోర్టు గుమస్తా. ఆమె బలవంతంగా ఎత్తింది. ఎక్కడో ఒక కుట్టు పటుక్కుమంది. నేను తల వంచుకున్నాను.

లాయరమ్మ అడిగింది. "ఆరేళ్ళుగా మీ తోడికోడలికి నీళ్ళు ఇస్తున్నారా?"

"ఇస్తున్నానండీ."

బోర్డు లాయరు కుర్చీలో వెనక్కి వాలాడు.

"ముందు ఆమె బిందెలు నిండాకే మీ డ్రమ్ము నింపుకుంటారని ఇన్‌స్పెక్టరుగారికి చెప్పారు. నిజమేనా?"

"కాదండీ. అది అబద్ధం. నా పనులన్నీ అయ్యాకే ఇచ్చేదాన్ని. ఒక్కోరోజు పని లేకపోయినా కల్పించుకునేదాన్ని."

నేను తలెత్తాను.

"ఎప్పుడైనా ఇవ్వకుండా ఉన్నారా?"

"రెండుసార్లు ఆపాను. ఒకసారి మండుటెండల్లో నాలుగు రోజులు. కుళాయి పాడైందని చెప్పాను. పాడవలేదు."

నాలుగు రోజులు! నాకు తెలుసు. ఆ నాలుగు రోజులూ గోడకు చెవి పెట్టి విన్నాను, అవతల నీళ్ళు పడుతూనే ఉన్నాయి. మా ఆయనతో చెప్తే, "నీకు చెవుల్లో కూడా అసూయేనే," అన్నాడు. ఇప్పుడు వెనక్కి తిరిగి ఆయన వంక ఒక చూపు చూశాను. ఆయన పైకప్పు వంక చూస్తున్నాడు.

"ఎందుకు ఆపారు?" అని ఈసారి జడ్జిగారే అడిగారు.

"కోపం వచ్చిందండీ."

"ఏమిటా కోపం?"

ఆమె నా వైపు చూసింది. ఎడమచేత్తో గౌను చంక దగ్గర ఒకసారి సర్దుకుంది. "అది ఇంటి విషయమండీ," అంది.

తెలుసన్నమాట. మొదటి గౌను నుంచీ తెలుసన్నమాట. తెలిసి, ఎంత బాగా కుట్టావక్కా అంటూ వేసుకుని తిరిగిందన్నమాట!

"రెండోసారి?"

"బడివాళ్ళు యూనిఫాంల పనంతా మా అక్కకిచ్చారు. వరండా నిండా జనం. ఎవరొచ్చినా మిషనక్కా, మిషనక్కా అని ఆవిడ చుట్టూనే. నాకు ఏ పనీ చేతకాదు సార్. నా దగ్గరున్నది కుళాయి ఒక్కటే." కాస్త ఆగి మళ్ళీ చెప్పింది. "పొద్దున్నే ఆవిడ బిందె పట్టుకుని నా గుమ్మంలో నిలబడితే నాకు బాగుండేది. అందుకే ఇచ్చాను. అందుకే ఆపాను కూడా. రేపు ఇస్తానో లేదో నాకే తెలియదు."

బోర్డు లాయరు లేచాడు. "మరి ఫొటోలో బిందె?" అన్నాడు.

"ఆవిడ రావడం మానేసింది కదండీ. నాకు తోచలేదు," అంది.

తీర్పు రెండు వారాలకు వచ్చింది. జడ్జిగారు చదువుతుంటే లాయరమ్మ నాకు వివరంగా చెప్పింది. ఒకరి మనసు బాగున్నన్ని రోజులు వచ్చి, బాగాలేని రోజు ఆగిపోయే నీటిని సరఫరా అనరాదు. గోడకు రెండువైపులా రెండు కుటుంబాలున్నాయి. పక్క గుమ్మంలో నిలబడి పట్టుకున్న బిందెను కారణంగా చూపి కుళాయి నిరాకరించడం అన్యాయం. నెల రోజుల్లో విడిగా కనెక్షన్ ఇవ్వాలి.

గెలిచాను. బయట మెట్ల మీద మా వీధివాళ్ళు గుంపుగా నిలబడ్డారు. నేను నవ్వు మొహం పెట్టుకుని దగ్గరికి వెళ్ళాను. వాళ్ళు నా చుట్టూ లేరు, ఆమె చుట్టూ ఉన్నారు.

"తన తప్పు తనే ఒప్పుకోవడమంటే మాటలా తల్లీ! తోడికోడలి కోసం ఇంత పని ఎవరు చేస్తారు?"

కేసు నాది, భుజం నాది, కుళాయి నాది. మెప్పు మాత్రం ఆమెకు వెళ్ళింది. పెట్టి పుట్టాలి. బస్సులో ఇంటికొస్తూ కిటికీ వైపు తిరిగి కూర్చున్నాను.

నెల తిరక్కముందే ప్లంబరు వచ్చి వరండా పక్కన కుళాయి బిగించాడు. వీధిలోంచి వచ్చే పైపు ముందు మా వాటా దాటి, సందు పొడుగునా వెళ్ళి వాళ్ళ పెరట్లోకి పోతుంది. నా కుళాయికి ఆ పైపునుంచే పాయ తీశాడు. "మీకే ముందు తగులుతుందమ్మా, ధార బాగుంటుంది," అన్నాడు. ఆ మాటకు అతనికి రెండు గ్లాసుల టీ ఇచ్చాను.

మొదటి రోజు ఆరింటికి తిప్పాను. నీళ్ళు ఎగిరిపడ్డాయి. నా చీరంతా తడిసింది. చెప్పుకోవడానికి సిగ్గెందుకు, ఏడ్చాను. రెండు బిందెలు, రెండు బకెట్లు, పాత డ్రమ్ము నింపాను. ఇంకా వస్తూనే ఉన్నాయి. మాకు మొక్కలు లేవు. అయినా ఆ సాయంత్రమే వెళ్ళి రెండు కుండీలు కొనుక్కొచ్చాను. మర్నాటినుంచి మొక్కలు తడిపాను, వరండా కడిగాను, మెట్లు కడిగాను. మళ్ళీ కడిగాను. నా ఇత్తడి కుళాయిని బూడిదతో తోమాను.

నాలుగో రోజు ఆరున్నరకు సందులో చప్పుడైంది. తిరిగి చూస్తే మా తోడికోడలు. నడుం మీద ఖాళీ బిందె, చేతి మీద మడతపెట్టిన ఆకుపచ్చ గౌను. చెదిరిన జుట్టు. ఆమె గుమ్మం ముందు నేను నిలబడ్డ ఆరేళ్ళూ ఒక్కసారిగా కళ్ళముందు తిరిగాయి. ఇప్పుడు ఆమె నా గుమ్మంలో ఉంది. నా లోపల ఏదో తియ్యగా పాకింది.

"ఎప్పుడైనా వచ్చి పట్టుకోవే, మనలో మనకేంటి?" అన్నాను. "ఒక్క నిమిషం, ఈ మెట్లు కడిగేసి ఇస్తాను."

అన్నాక వినిపించింది నాకు. మాటకు మాట ఆమెదే. గొంతు కూడా ఆమెదే.

ఆమె నవ్వలేదు. బిందె కింద దించలేదు.

"నువ్వు పోసే బిందె నాకొద్దక్కా," అంది. "నువ్వు తిప్పినంతసేపూ నాకు చుక్క రావడంలేదు, ఇదిగో చూడు ఖాళీ బిందె. ఆరున్నర నుంచి ఏడు దాకా నీది కట్టెయ్యి. నా కుళాయిలో నా నీళ్ళు నాకొస్తాయి. కట్టనంటావా, లాయరమ్మ మేడమెట్లు నాకూ తెలుసు."

ఆమె గౌను నా మిషను మీద పెట్టింది. "చంక దగ్గర అర అంగుళం. కొలత నీకు తెలుసుగా," అని సందులోకి వెళ్ళిపోయింది, ఖాళీ బిందెతోనే.

మెట్లు సగమే తడిశాయి. కాసేపు వాటి వంక చూసి, కుళాయి కట్టేశాను. మిషను ముందు కూర్చుని, గౌను తిరగేసి, నేనే వేసిన కుట్లను ఒక్కొక్కటే విప్పడం మొదలుపెట్టాను. గోడవతల ఆమె డ్రమ్ములో నీళ్ళు పడుతున్న చప్పుడు మొదలైంది. కత్తెర ఆపి, చెవి గోడకు ఆనించి విన్నాను.

నా దానికంటే ధార లావుగా పడుతున్నట్టుంది.